శాసనాలు చదవని వారికి అన్నీ రహస్యాలే

సంపాదకులకు,

ప్రాచీన పుణ్యక్షేత్రాల మీద టీవీలో ప్రసారమవుతున్న డాక్యుమెంటరీ ధారావాహికను మెచ్చుకుంటూ మీరు వేసిన సమీక్ష చదివి పది రోజులైంది. దాళ్వా కోతల పనుల్లో పడి వెంటనే రాయలేకపోయాను. గోదావరి డెల్టా భాగం ఎప్పుడొస్తుందా అని మా ఊళ్లో ఇంటిల్లిపాదీ ఎదురుచూసి మరీ చూశాం కనుక, ఆ మెప్పు విని ఊరుకోవడం నాకు సబబుగా తోచలేదు.

ద్రాక్షారామం అంటే ద్రాక్షతోటల ఊరని వ్యాఖ్యాత చెప్పారు, అదీ తెలుగులో. దక్షుడి పేర దక్షారామమై, అదే జనం నోట ద్రాక్షారామమైందని మా ప్రాంతంలో బడి పిల్లలు కూడా చెబుతారు. అక్కడి గుడి దగ్గరున్న సప్తగోదావరి గుండం గురించి మాటలు వినిపిస్తుండగా తెరమీద సామర్లకోట గుడి కోనేరు కనిపించింది. రెండు గుళ్లూ తూర్పు చాళుక్యుల నాటివే, రెండింటిలోనూ శివలింగం కింది అంతస్తు నుంచి పై అంతస్తు దాకా లేచి ఉంటుంది కాబట్టి దారిన పోయేవారు పొరబడవచ్చు గానీ, వాటి మీదే కార్యక్రమం తీసేవారు పొరబడితే ఎలా?

వీటికంటే నన్ను బాధపెట్టింది ‘అంతుచిక్కని రహస్యం’ అన్న మాటను పదేపదే వాడటం. ద్రాక్షారామ ఆలయాన్ని చాళుక్య భీముడు (892–921) కట్టించాడని మన చరిత్రకారులు ఎన్నడో రాశారు. ఆ గుడి గోడల మీద, స్తంభాల మీద వందల శాసనాలున్నాయి. వాటి పాఠాలు దక్షిణ భారత శాసన సంపుటాల్లో నాలుగో దానిలో 1923లోనే అచ్చయ్యాయి. అఖండ దీపానికి నెయ్యి లోటు రాకుండా ఎవరు ఏ పశువులను దానమిచ్చారో అందులో రాసి ఉంది. చోళరాజు కులోత్తుంగుడి శాసనాలు ఇక్కడెందుకున్నాయన్న ప్రశ్నను కూడా రహస్యాల్లోనే కలిపేశారు. 1070లో చోళ సింహాసనమెక్కిన ఆయన మన తూర్పు చాళుక్య రాజు రాజరాజనరేంద్రుడి కొడుకన్న ఒక్క వాక్యం చెబితే సరిపోయేది. చదివి చెప్పగలవారిని ఒక్కరినైనా పక్కన కూర్చోబెట్టుకోకుండా, చీకట్లో దీపాలు చూపిస్తూ నేపథ్యంలో హోరు వినిపించారు. బిక్కవోలు పొలాల్లో వరిచేల నడుమ నిలిచిన చాళుక్యుల ఆలయాలు వారికి కనబడలేదు. కోనసీమలో గోదావరి పాయ వైనతేయ ఒడ్డున ఆదుర్రు బౌద్ధస్తూపం ఉంది, దాని పేరు కూడా ఎత్తలేదు. పుణ్యక్షేత్రమంటే ఒక్క మతానిదే అనుకున్నారేమో తెలియదు.

అయితే తప్పంతా టీవీ వాళ్లదే అనడం న్యాయం కాదు. మా దగ్గరి ఒక పాత గుడిలో, పేరు రాయడం నాకిష్టం లేదు, పోయిన శివరాత్రికి ముందు ముఖమండపం స్తంభాలన్నిటికీ ఎనామిల్ రంగు వేశారు. గోరు దూరేంత లోతున్న అక్షరాల్లో ఆ రంగు గడ్డకట్టింది. నేను తడిగుడ్డతో ఎంత తుడిచినా ఒక్క తలకట్టు కూడా బయటపడలేదు. అడిగితే, భక్తులకు శుభ్రంగా కనబడాలి కదండీ అన్నారు. సంబంధిత శాఖకు రెండుసార్లు రాశాను, జవాబు లేదు. నిధులు రాగానే గ్రానైట్ పలకలు, రంగు దీపాలు వస్తాయి గానీ, ఆ రాయి మీద ఏం రాసి ఉందో చెప్పే తెలుగు బోర్డు ఒక్కటి కూడా రాదు. ఎదుట బోర్డైనా లేని గుడిలోకి కెమెరా పట్టుకుని వచ్చినవాడు రహస్యమనక ఇంకేమంటాడు?

2027లో గోదావరి పుష్కరాలు వస్తున్నాయి. మళ్లీ రంగు డబ్బాలు దిగకముందే డెల్టాలోని ప్రతి పాత గుడిలో శాసనాలకు తడి కాగితం అద్ది, సిరా పూసి నకళ్లు తీయించాలి. ఆ పని తెలిసినవారి సమక్షంలోనే మరమ్మతులు జరగాలి. ఆ చానల్ తప్పులు దిద్ది ఈ భాగాన్ని మళ్లీ ప్రసారం చేయాలి. నేను చెప్పిన మండపంలో గోడవైపున్న ఒక స్తంభానికి వెనుక పక్క బ్రష్ అందలేదు. అక్కడ ఏడు పంక్తులు ఇంకా చక్కగా కనబడుతున్నాయి. ఎవరైనా వస్తానంటే నేనే తీసుకెళ్లి చూపిస్తాను.

– ఒక పాఠకుడు, రామచంద్రపురం