గేటు దగ్గర డ్యూటీ పడిన మా ఎస్సైకి

చి. సుధకు,

అమ్మ దీవెనలు. ఆసుపత్రి పారిశుద్ధ్య కార్మికుల సమ్మెకు బందోబస్తు వేశారని చెప్పి, "ఇప్పుడు నువ్వు ఎవరి పక్షం?" అని నవ్వావు. నర్సుగా బతికి, ఒకప్పుడు సమ్మె టెంటులో కూర్చున్నదాన్ని నేను. నా పక్షం నీకు తెలియనిది కాదు. అయినా గేటు తెరిచి ఉండాలన్న ఒక్క విషయంలో నేను నీ వైపే.

గేటు తెరిచి ఉండటమంటే అంబులెన్సుకు దారి వదలడం ఒక్కటే కాదు. ఆక్సిజన్ ట్యాంకరు రావాలి, రోగుల భోజనాల ఆటో రావాలి, మార్చురీ నుంచి బండి పోవాలి. అందరూ మరిచిపోయేది పసుపు సంచుల వ్యాను. థియేటరులో కోసి తీసిన భాగాలు, నెత్తుటి కట్లు ఆ సంచుల్లోనే పోతాయి. 48 గంటలకు మించి నిల్వ ఉంచకూడదని ఆసుపత్రి వ్యర్థాల మీద 2016లో వచ్చిన నిబంధనలు చెబుతున్నాయి. ఎండాకాలంలో అన్ని గంటలు కూడా అక్కర్లేదు, ఆ గది తలుపు దగ్గర నిలబడలేం. సమ్మెలో ఉన్నది పారిశుద్ధ్య కార్మికులే కదా, వ్యానును ఆపవద్దని మొదటి రోజే వాళ్ల నాయకురాలితో మాట్లాడుకో. ఒప్పుకుంటుంది. ఆ వాసన ఆమెకు నీకంటే బాగా తెలుసు.

ఐసీయూ, లేబర్ రూము, డయాలసిస్‌లకు ఎవరిని పంపుతారో యూనియన్ దగ్గర జాబితా తీసుకో. మా సమ్మెలో అలా మేమే పంపిన పిల్లను గేటు దగ్గర కానిస్టేబుల్ ఆపేశాడు, నల్ల బ్యాడ్జీ తీస్తేగానీ వదలనని. ఆ పిల్ల తీయనంది. లోపల వెంటిలేటర్ మీద ఉన్న మనిషి దగ్గర రాత్రి డ్యూటీ అమ్మాయి దిగలేక, ఇటు ఈ పిల్ల ఎక్కలేక గంట గడిచింది. బ్యాడ్జీ వల్ల ఏ రోగికి ఏం నష్టమో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

మీ యాజమాన్యం హైకోర్టు నుంచి రక్షణ ఉత్తర్వు తెచ్చిందన్నావు. దాన్ని అక్షరం అక్షరం చదువు. రోగులను, పనికి వచ్చేవాళ్లను అడ్డుకోవద్దని ఉంటే అంతవరకే నీ పని. టెంటు పీకేయమని అందులో లేకపోతే మేనేజరు నోటి మాట మీద పీకకు. ఆయన గది నుంచి నీకు టిఫిన్ వస్తుంది, ఏసీలో కుర్చీ వేస్తారు. వద్దను. జీతాలు అందక ఎండలో కూర్చున్నవాళ్లకు ఆ ప్లేటు కనిపిస్తుంది.

సమ్మె చట్టబద్ధమా కాదా అని గేటు దగ్గర తేల్చకు, అది కార్మిక శాఖ, కోర్టుల పని. పద్నాలుగు రోజుల ముందు నోటీసు పాత చట్టంలో ఆసుపత్రుల వంటి ప్రజోపయోగ సేవలకే ఉండేది. 2025 నవంబరులో అమల్లోకి వచ్చిన కొత్త కార్మిక కోడ్‌తో అన్ని సంస్థలకూ అయింది.

2008 చట్టం కాగితాన్ని కూడా నీ ముందు ఆడిస్తారు. ఆసుపత్రి మీద, సిబ్బంది మీద దాడి చేస్తే మూడేళ్ల దాకా జైలు, యాభై వేల దాకా జరిమానా, పగలగొట్టిన పరికరాలకు రెట్టింపు పరిహారం. మంచి చట్టమే. కానీ అది నినాదాలు ఇచ్చేవాళ్ల కోసం పుట్టలేదమ్మా, వార్డులో నర్సు మీద చెయ్యెత్తేవాడి కోసం పుట్టింది. కోల్‌కతా ఆర్జీ కర్ ఆసుపత్రిలో 2024 ఆగస్టు 14 అర్ధరాత్రి జూనియర్ డాక్టర్లు ఆందోళనలో ఉండగా, గుంపు చొరబడి ఎమర్జెన్సీ వార్డును ధ్వంసం చేసింది. పోలీసులు ఆపలేకపోయారు. 20న సుప్రీంకోర్టు కేంద్ర బలగాలను కాపలా పెట్టమనాల్సి వచ్చింది. అందుకని కళ్లన్నీ టెంటు మీదే పెట్టుకుని కూర్చోకు. రాత్రిపూట వెనక గేటుకు, క్యాజువాలిటీకి ఒక్కొక్కరిని వెయ్యి. కేరళ కొట్టారక్కరలో 2023 మేలో హౌస్ సర్జన్‌ను పొడిచి చంపినవాణ్ని కట్టు కట్టించడానికి తెచ్చింది పోలీసులే. మీరు తెచ్చిన మనిషిని డాక్టరమ్మకు అప్పగించి బయటికి పోకూడదని మీవాళ్లకు చెప్పు.

ఇంకొకటి. సమ్మె మొదలవగానే ఆసుపత్రి మరుగుదొడ్లకు తాళం పడుతుంది, టెంటులోవాళ్లు వాడకుండా. ఉన్నదంతా ఆడవాళ్లాయె. మీ మహిళా కానిస్టేబుళ్లకు కావాలని చెప్పి తాళం తీయించు, మేనేజరు కాదనలేడు. తీశాక ఎవరు వెళ్తున్నారో నువ్వు లెక్కపెట్టనక్కర్లేదు.

ఇట్లు,
అమ్మ