ఇంటి తాళాలు అత్తయ్య దగ్గరే ఉన్నాయి

ఒరేయ్ శీనూ,

జవాబు ఆలస్యమైంది, కోపం తెచ్చుకోకు. నీ ఉత్తరాలు అందాయి. చెల్లి పరీక్షలు అయిపోయాయి, నాన్న ఆరోగ్యం పర్లేదు. మిగతా కబుర్లు తర్వాత. అత్తయ్య ఇంటి సంగతి నీకు చెప్పేదాకా నా మనసు ఆగదు.

మామయ్య పోయాక ఆయన తమ్ముడు (అదే, మన "రెండో టికెట్") తగువు పెట్టాడు. ఆ ఇల్లు తనకి అమ్ముతానని మామయ్య బతికుండగా అగ్రిమెంటు రాసిచ్చాడట. ఆ కాగితం పట్టుకుని కోర్టుకి వెళ్లొచ్చు కదా, తిన్నగా పోలీస్ స్టేషన్‌కి వెళ్లాడు. మర్నాడే అత్తయ్యకి ఫోను: "ఎస్‌ఐ గారు రమ్మంటున్నారు." నోటీసు లేదు, ఎఫ్‌ఐఆర్ లేదు.

నేనూ తోడు వెళ్లాను. అరవై దాటిన మనిషిని నిలబెట్టే మాట్లాడారు రా! "ఖాళీ చేస్తానని రాసివ్వండి, లేదంటే తగువు తేలేదాకా ఇంటికి తాళం వేసి తాళంచెవులు మా దగ్గర పెట్టుకుంటాం" అన్నారు. నాకు ఒళ్లు మండిపోయింది. అత్తయ్య మాత్రం తొణకలేదు. "లాయర్ గారిని అడక్కుండా సంతకం పెట్టను బాబూ" అని బయటికి నడిచింది. ఆ నడక నువ్వు చూడాల్సింది, అచ్చం మన లెక్కల టీచరే!

సాయంత్రం లాయర్ గారు అంతా విడమర్చి చెప్పారు. ఇల్లు ఎవరిదో తేల్చేది సివిల్ కోర్టు, పోలీసులు కాదు. ఒట్టి అగ్రిమెంటుతో ఇల్లు ఎవరి సొంతమూ అయిపోదు, రిజిస్ట్రేషన్ చేయించమని దావా వేసుకోవాలి. కేసు కట్టి దర్యాప్తు చేస్తున్నా సరే, సాక్షిగా అడగాలంటే ఆడవాళ్ల దగ్గరికి పోలీసులే రావాలట. తాళం మాటకైతే ఆయనకి కోపమే వచ్చింది. దర్యాప్తు పేరుతో పోలీసులు స్థిరాస్తిని జప్తు చేయడానికి సీఆర్‌పీసీ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) 102 సెక్షన్ అధికారం ఇవ్వదని 2019లోనే నెవాడా ప్రాపర్టీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందట. ఆ సెక్షనే ఇప్పుడు దాని బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్‌లో 106.

మరి కొట్లాట అయ్యేలా ఉంటే? అప్పుడు కూడా పోలీసులు ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటుకి (తహసీల్దారు, ఆర్డీవో లాంటి అధికారికి) రిపోర్టు ఇవ్వాలి, అది కొత్త చట్టంలో 164 సెక్షన్, పాతదాంట్లో 145. ఆయనైనా చూసేది ఇల్లు ఎవరి స్వాధీనంలో ఉందనే, హక్కు ఎవరిదని కాదు.

పోలీసులు అసలే వద్దని నేననడం లేదు. రేపు రెండో టికెట్ తాళం పగలగొట్టినా, అత్తయ్య మీద చెయ్యి చేసుకున్నా అది నేరం, అప్పుడు పోలీసుల దగ్గరికే వెళ్లాలి. అగ్రిమెంటు మీద సంతకం మామయ్యదేనా అని అత్తయ్యకి అనుమానం ఉంది. ఫోర్జరీ అయితే అప్పుడు నిజంగా పోలీసుల పనే. ఆ "శ్రీ" అక్షరం చూస్తే నాకూ... సరే, అది కోర్టులోనే చూద్దాం.

నన్ను బాధపెట్టేది ఏంటంటే, లాయర్ ఫీజు పెట్టుకోలేని ఒంటరి మనిషైతే ఆ భయానికి సంతకం పెట్టేసి వచ్చేది కదా! కోర్టులో ఏళ్లు పడుతుందని జనం స్టేషన్‌కి పరిగెడతారు, తెలుసు. కానీ అక్కడ బలమున్నవాడి మాటే చెల్లితే ఎలా రా?

పన్ను రసీదులు, కరెంటు బిల్లులు, మామయ్య పేరు మీదున్న సేల్ డీడ్ అన్నీ పెట్టి దావా వేశాం. తాత్కాలిక ఇంజంక్షన్ (ప్రస్తుతానికి అత్తయ్య జోలికి పోవద్దని కోర్టు ఆర్డర్) వచ్చింది! ఆర్డర్ కాపీ స్టేషన్‌లో ఇచ్చి రసీదు తీసుకున్నాం. ఆ తర్వాత ఫోన్లు ఆగిపోయాయి.

మీ పెదనాన్న గారి గోడ తగువు కూడా స్టేషన్‌కి ఎక్కేలా ఉందన్నావు కదా, అందుకే ఇంత రాశాను. పిలిచినా ఆయన్ని ఒంటరిగా పంపకు. తెల్ల కాగితం మీద సంతకం అసలే వద్దు. ఒకవేళ బలవంతంగా వెళ్లగొడితే ఆరు నెలల్లోపు దావా వేసి స్వాధీనం తిరిగి అడగొచ్చు, హక్కు సంగతి తేలకముందే. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం, ఆరో సెక్షన్, రాసి పెట్టుకో. ఇంకోటి కేవియట్ (మన మాట వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని కోర్టులో ముందే పెట్టుకునే అర్జీ) గురించి...

అత్తయ్య పిలుస్తోంది, ఇవాళ వాయిదా. ఆటో వచ్చేసింది. కేవియట్ సంగతి వచ్చే ఉత్తరంలో.

నీ
రాముడు