ఐర్లండ్‌ది ఒట్టి మతాల గొడవ కాదండీ

ఎడిటర్ గారికి నమస్కారం,

మొన్న ఆదివారం ఐర్లండ్ మీద మీరు వేసిన వ్యాసం రెండుసార్లు చదివాను. మన పేపర్లలో ఆ దేశం ఊసే అరుదు కాబట్టి ముందు సంతోషమే వేసింది. కానీ చివరికొచ్చేసరికి అక్కడి చరిత్రంతా కేథలిక్కులకీ ప్రొటెస్టెంట్లకీ మధ్య గొడవేనని ఒక్క ముక్కలో తేల్చేశారు, అది మాత్రం నాకు మింగుడుపడలేదు. ముప్పై ఏళ్లు హైస్కూల్లో సోషల్ చెప్పాను, పోయినేడాది డబ్లిన్‌లో మా అబ్బాయి దగ్గర మూడు నెలలు ఉండొచ్చాను, అందుకే ఊరుకోలేక రాస్తున్నాను.

మతం ఊసే లేదని నేననడం లేదు. బ్రిటిష్ పాలనలో 1829 దాకా కేథలిక్కు అయినవాడు పార్లమెంటులో కూర్చోడానికి వీల్లేదు, డేనియల్ ఓకానెల్ జనాన్ని కదిలించి ఆ హక్కు సాధించాడు. భూములు కూడా చాలావరకు ప్రొటెస్టెంట్ దొరలవే. అయితే మతాలతో పని లేకుండా మనమంతా ఐరిష్ వాళ్లమే అన్న మాట మొదట ఎత్తుకున్నదెవరు? 1791లో బెల్‌ఫాస్ట్‌లో యునైటెడ్ ఐరిష్‌మెన్ సంఘం పెట్టింది వోల్ఫ్ టోన్, ఆయన స్నేహితులు. వాళ్లు ప్రొటెస్టెంట్లు! ఏడేళ్ల తర్వాత బ్రిటిష్ పాలన మీద తిరుగుబాటు చేసి ఓడిపోయారు, టోన్ జైల్లోనే చచ్చిపోయాడు.

తర్వాత 1845 నుంచి ఆలుగడ్డ పంటకు తెగులొచ్చి కరువు. పది లక్షల మంది పోయారు, అంతకు తక్కువ కాకుండా ఓడలెక్కి వలసపోయారు. 1841 జనాభా లెక్కల్లో 82 లక్షలున్న దేశం పదేళ్లకు 65 లక్షలకు పడిపోయింది. అంత ఆకలిలోనూ ధాన్యం ఓడలకెక్కి ఇంగ్లండ్ పోతూనే ఉంది. ఆ మంట అక్కడి జనం ఎప్పటికీ మర్చిపోలేదు.

ఆ కరువు రోజుల్లోనే పుట్టినవాడు మైకేల్ డేవిట్. నాలుగేళ్ల వయసులో దొర ఇల్లు ఖాళీ చేయిస్తే కుటుంబంతో ఇంగ్లండ్ పోయాడు, పదకొండేళ్లకే బట్టల మిల్లులో కుడిచెయ్యి పోగొట్టుకున్నాడు. 1879లో ఈ కౌలు రైతు కొడుకు లాండ్ లీగ్ అనే కౌలు రైతుల సంఘం పెడితే దానికి అధ్యక్షుడైంది ఎవరనుకున్నారు, ఒక ప్రొటెస్టెంట్ జమీందారు, పార్నెల్! మరుసటేడు మేయో జిల్లాలో కెప్టెన్ బాయ్‌కాట్ అనే ఎస్టేటు ఏజెంటుకు కూలీలు పంట కొయ్యం అన్నారు, కొట్లవాళ్లు సరుకివ్వం అన్నారు. విదేశీ బట్టలు బాయ్‌కాట్ అని మన తాతలు కేకలేసిన మాట పుట్టింది అక్కడే.

భాష సంగతీ అంతే. 1893లో ఐరిష్ భాషను నిలబెట్టడానికి పెట్టిన గేలిక్ లీగ్ అనే సంఘానికి నాయకత్వం వహించిన డగ్లస్ హైడ్ ప్రొటెస్టెంట్ పాస్టర్ గారబ్బాయి. చుట్టుపక్కల పల్లెటూరివాళ్ల దగ్గర ఐరిష్ నేర్చుకుని, ఆ భాష పోతే మనమేం మిగులుతాం అని ఊరూరా తిరిగాడు. 1938లో ఆయన్నే ఆ దేశం మొదటి రాష్ట్రపతిని చేసుకుంది. డబ్లిన్ బస్సుల ముందు అన్ లార్ అని కనపడుతుంది, అదేదో ఊరి పేరనుకున్నాను, తీరా చూస్తే సిటీ సెంటర్ అని అర్థమట. బస్సులో మాత్రం అందరూ ఇంగ్లీషే మాట్లాడుకుంటున్నారు. భాషను బోర్డు మీద నిలబెట్టుకున్నా నోట్లో నిలుపుకోలేకపోయారు, తెలుగు టీచర్ని కాకపోయినా నాకు ప్రాణం ఉసూరుమంది.

ఇక 1916. ఏప్రిల్ 24న బ్రిటిష్ వాళ్ల మీద తిరుగుబాటు మొదలుపెట్టి, దాని నాయకుడు పాట్రిక్ పియర్స్ డబ్లిన్ పెద్ద పోస్టాఫీసు ముందు నిలబడి రిపబ్లిక్ ప్రకటన చదివినప్పుడు జనం పెద్దగా పట్టించుకోలేదు. ఆ ఆరు రోజుల్లో చచ్చిపోయినవాళ్లలో సగానికి పైగా మామూలు జనమే కావడంతో, లొంగిపోయినవాళ్లను నడిపించుకెళ్తుంటే డబ్లిన్ వాళ్లే కొందరు శాపనార్థాలు పెట్టారు. అలాంటిది రెండేళ్లలో జనం మనసు ఎలా మారిపోయిందో కిల్‌మైన్‌హామ్ జైలు పెరట్లో నిలబడితే తెలుస్తుంది. ఎత్తైన రాతిగోడలు, ఆ చివర ఒక శిలువ, ఈ చివర గేటు దగ్గర ఇంకొకటి. పదమూడు మంది తిరుగుబాటుదారుల్ని బ్రిటిష్ సైనికులు కాల్చింది ఆ చివర. ఇంకో నాయకుడు జేమ్స్ కానలీ ఒక్కడికే ఈ చివర, ఎందుకంటే కాలి గాయంతో అక్కడిదాకా నడవలేడు, అంబులెన్సులో తెచ్చి, కుర్చీకి కట్టి కాల్చారు. అది మే 12న. 1918 ఎన్నికల్లో ఐర్లండ్‌లోని 105 సీట్లలో 73 స్వాతంత్ర్యం కోరిన షిన్ ఫేన్ పార్టీవి.

ఉత్తరాన ప్రొటెస్టెంట్లు 1912లోనే లక్షల్లో సంతకాలు పెట్టి బ్రిటన్‌ను వదిలి మేం రామన్నారు, 1920 చట్టంతో ఆరు జిల్లాలు మిగతా ఐర్లండ్ నుంచి విడిపోయాయి. దక్షిణాన కూడా తప్పుంది, 1937 రాజ్యాంగంలో కేథలిక్ చర్చికి ప్రత్యేక స్థానం రాసుకున్నారు, 1972లో ఓటేసి తీసేశారు. టోన్, పార్నెల్, హైడ్ కలగన్నది ఇది కాదు.

మీ వ్యాసంలో ఆ ముగ్గురి పేర్లూ లేవు. మన వి.వి. గిరి గారు 1913 నుంచి 1916 దాకా డబ్లిన్‌లోనే లా చదివారు, ఆ సంగతీ లేదు. 1919లో మన మదనపల్లెలో జనగణమన ఇంగ్లీషు పాఠానికి బాణీ కట్టిన మార్గరెట్ కజిన్స్ కూడా ఐరిష్ ప్రొటెస్టెంట్ ఇంటి పిల్లే, ఐర్లండ్‌లో ఆడవాళ్ల ఓటు కోసం జైలుకెళ్లొచ్చిన మనిషి. వీళ్ల మీద వచ్చే ఆదివారమన్నా ఒక పేజీ వెయ్యండి.

ఇట్లు,
ఒక రిటైర్డ్ టీచరు, తెనాలి