1974 పోఖ్రాన్ ఫైళ్లు బయటపెట్టండి

కేంద్ర అణుశక్తి శాఖ సహాయ మంత్రి గారికి,

అయ్యా,

నేను డిగ్రీ కాలేజీలో ఫిజిక్స్ చెబుతాను. అణు విచ్ఛిత్తి పాఠం అయ్యేసరికి ఎవరో ఒకరు లేచి, "సార్, 1974లో మనం పేల్చింది బాంబేనా?" అని అడుగుతారు.

ఆ ఏడాది మే 18న పోఖ్రాన్‌లో 107 మీటర్ల లోతున జరిపిన పేలుడును అణుశక్తి సంఘం 'శాంతియుత అణు పేలుడు' అంది. గనుల తవ్వకానికీ, మట్టి పనులకూ ఈ పద్ధతి ఎంతవరకు పనికొస్తుందో తెలుసుకోవడానికే అని ప్రకటించింది. ఆ బృందాన్ని నడిపించిన రాజా రామన్న గారే 1997లో అది బాంబేనని చెప్పారు. పిల్లలకు నేను ఏ మాట చెప్పాలి?

అణు పేలుడుతో నేల తవ్వాలన్న ఆలోచన మనతో మొదలైంది కాదు. 1962లో అమెరికా నెవాడా ఎడారిలో 104 కిలోటన్నుల (అంటే లక్షా నాలుగు వేల టన్నుల టీఎన్‌టీ పేలుడు పదార్థమంత శక్తి గల) 'సెడాన్' అనే అణు పరికరాన్ని పేల్చి, సుమారు కోటి ఇరవై లక్షల టన్నుల మట్టిని ఒక్కసారిగా పైకి లేపింది. కాలువలు, ఓడరేవులు ఇలాగే తవ్వేయొచ్చని అక్కడి శాస్త్రవేత్తలు నిజంగానే నమ్మారు. కానీ ఆ రేడియోధార్మిక ధూళి గాలికి కొట్టుకుపోయి ఎక్కడో దూరాన ఉన్న రాష్ట్రాల మీద పడింది. 1967లో న్యూమెక్సికోలో రాతిపొరల్లో చిక్కుకున్న గ్యాస్ కోసం 'గ్యాస్‌బగ్గీ' పేల్చారు. గ్యాస్ వచ్చింది, దాంతోపాటు రేడియోధార్మిక హైడ్రోజన్ అయిన ట్రిటియమూ వచ్చింది. అలాంటి గ్యాస్‌తో ఏ తల్లి పొయ్యి వెలిగిస్తుంది?

సోవియట్ యూనియన్ ఇలాంటివి వందకు పైగా పేల్చింది. ఉజ్బెకిస్తాన్‌లోని ఉర్తా-బులాక్‌లో దాదాపు మూడేళ్లు ఆరకుండా మండిన గ్యాస్ బావిని 1966లో 30 కిలోటన్నుల అణు పేలుడుతో మూసేశారు. అది పనిచేసింది, కాదనను. కానీ 1971లో రష్యాలోని ఇవనోవో ప్రాంతంలో షాచా నది పక్కన జరిపిన పేలుడులో రేడియోధార్మిక వాయువులు పైకి తన్నుకొచ్చి ఆ నేల పాడైంది.

ఇవన్నీ క్లాసులో అంకెలతో సహా చెప్పగలుగుతున్నాను. మన దేశం దగ్గరికి వచ్చేసరికే మాట ఆగిపోతోంది.

బాంబు డిజైన్ అడగడం లేదు, అది రహస్యంగానే ఉండాలి. గనుల కోసమే అన్నారు కదా, ఏ గనుల గురించి ఆలోచించారు? రాయి ఎంత మేర పగిలింది? చుట్టుపక్కల ఊళ్ల బావుల నీళ్లు పరీక్షించారా, ఎన్నేళ్లపాటు? 50 ఏళ్లు దాటిపోయాయి. ఈ వివరాలున్న ఫైళ్లను జాతీయ ప్రాచీన పత్రాగారానికి పంపించి, అందరూ చదువుకునే వీలు కల్పించండి. నీటి పరీక్షలు అసలు జరగకపోతే, ఆ సంగతీ చెప్పి ఇప్పుడైనా చేయించండి.

ఇట్లు,
ఒక ఫిజిక్స్ లెక్చరర్