ఫొటోలు సరే, వాచికం ఎక్కడ?

సంపాదకులకు,

హనుమకొండలోని ఒక నటనా శిక్షణ కేంద్రంలో మా మనవరాలు చేరింది. నెలల తరబడి ఫోను ముందు ముఖకవళికలు, ఫొటోలు! వాచికం, అంటే మాటను పలికే తీరు, నేర్పనే లేదు; ఊపిరి ఎక్కడ పట్టాలో, మాట ఎక్కడ విరవాలో ఎవరూ చెప్పలేదు. మైకు తీస్తే మూడో వరుసకు మాట చేరదు. ‘ళ’ సంగతి అడగకండి. మిమిక్రీ కళాకారుడు నేరెళ్ళ వేణుమాధవ్ గొంతు పలికిన ఊరండీ ఇది!

పక్క జనగామ జిల్లాలోనే 2024లో పద్మశ్రీ అందుకున్న చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్య ఉన్నారు. పాట, అడుగు, సంభాషణ మూడూ ఒకే నటుడు మోయాల్సిన కళ అది. అదే ఏడాది మన హనుమకొండలో ప్రారంభమైన కాళోజీ కళాక్షేత్రంలో వేసవి సెలవుల్లో అలాంటి కళాకారులతో వాచిక తరగతులు పెట్టించండి. రుసుము సంతోషంగా కడతాను. ఫొటోలకైతే పైసా ఇవ్వను.

– ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు, హనుమకొండ