వల కోసినవాడికి పరిహారం ఏది? అటవీ శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్ అటవీ, పర్యావరణ శాఖ మంత్రి గారికి నమస్కారం.

నేను వన్యప్రాణుల మీద డాక్యుమెంటరీలు తీస్తుంటాను. ఎక్కువగా తిరిగేది విశాఖ నుంచి ఉప్పాడ దాకా ఉన్న తీరంలో. ఈ ఉత్తరం వేల్ షార్క్ గురించి, అది వలలో పడితే వదిలిపెట్టే మనుషుల గురించి.

ప్రపంచంలో అన్నిటికంటే పెద్ద చేప అది. 12 మీటర్లు దాటి పెరుగుతుంది. పేరులో షార్క్ ఉన్నా మనిషి జోలికి రాదు. నోరు బార్లా తెరుచుకుని ఈదుతూ నీళ్లలోని సన్నసన్న జీవులను, చేపగుడ్లను వడగట్టుకుని తింటుంది. పాతికేళ్ల కిందట గుజరాత్ తీరంలో దీన్ని విపరీతంగా వేటాడేవారు. పెద్ద పెద్ద కొక్కేలు గుచ్చి, వాటి తాళ్లకు పీపాలు కట్టేవారు. మునగలేక అలిసిపోయాక ఒడ్డుకు లాక్కొచ్చేవారు. కాలేయం నూనె చెక్క పడవలకు పూతగా పోయేది, మాంసం విదేశాలకు పోయేది. మైక్ పాండే అనే దర్శకుడు వెళ్లి అదంతా చిత్రీకరించారు. 2000లో ఆ డాక్యుమెంటరీ ‘షోర్స్ ఆఫ్ సైలెన్స్’ పేరుతో వచ్చింది. ఆ మరుసటి ఏడాదే కేంద్రం వేల్ షార్క్‌ను వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదటి షెడ్యూల్లో చేర్చింది. పులికీ ఏనుగుకీ ఉన్న రక్షణ ఒక చేపకు దక్కడం మన దేశంలో అదే మొదలు.

మా వృత్తిలో ఉన్నవాళ్లం ఈ సంగతి గొప్పగా చెప్పుకుంటాం. చెప్పుకోవాల్సిందే. కానీ ఆ తర్వాత జరిగింది ఇంకా ముఖ్యం. 2004లో గుజరాత్ అటవీ శాఖ, వైల్డ్‌లైఫ్ ట్రస్ట్ ఆఫ్ ఇండియా కలిసి తీరం వెంబడి ప్రచారం మొదలుపెట్టాయి. రామకథ చెప్పే మొరారి బాపు, ఈ చేప పురిటికి పుట్టింటికొచ్చిన ఆడపిల్ల లాంటిదని మత్స్యకారులకు చెప్పారు. వాళ్ల మనసు కరిగింది. దాంతో సరిపెట్టకుండా, చేపను వదలడానికి వల కోస్తే ప్రభుత్వం నష్టపరిహారం ఇచ్చే ఏర్పాటు చేసింది. అధికారి వచ్చి చూసేదాకా ఆగితే చేప బతకదు. అందుకని మత్స్యకారుల చేతికే కెమెరాలిచ్చారు. వల కోస్తూ వాళ్లే తీసిన ఫొటోలు, వీడియోలే సాక్ష్యం, అవి చూసి డబ్బు ఇస్తారు. అక్కడ ఇప్పటిదాకా వందలాది చేపలు తిరిగి సముద్రంలోకి వెళ్లాయి. నా మటుకు నాకు, ఆ మత్స్యకారులు తీసిన వీడియోలు మేం తీసే ఏ సినిమాకీ తక్కువ కావు.

మన తీరానికీ ఈ చేప వస్తుంది. 2021 డిసెంబరులో విశాఖ జిల్లా తంతడి బీచ్ దగ్గర సుమారు రెండు టన్నుల వేల్ షార్క్ వలలో పడితే, మత్స్యకారులు, అటవీ సిబ్బంది కలిసి దాన్ని లోతు నీళ్లలోకి పంపారు. వలలు పాడైతే పరిహారం ఇస్తామని అప్పట్లో మీ శాఖ చెప్పింది. చాలా మంచి మాట. అయితే నేను వెళ్లిన ఊళ్లలో ఆ డబ్బు ఎవరిని అడగాలో, ఏ కాగితం పెట్టాలో చెప్పగలిగినవాళ్లు నాకు కనిపించలేదు.

ఒక ఊళ్లో ఒకాయన తన అలివి వలను, అంటే చాలామంది కలిసి ఒడ్డుకు లాగే పెద్ద వలను, ఇసుక మీద పరిచి చూపించాడు. ఇద్దరు మనుషుల పొడవున చీలిపోయి ఉంది. కత్తితో కోసిన చోట అంచులు తిన్నగా ఉన్నాయి, చేప గింజుకున్న చోట పీచుపీచుగా వేలాడుతున్నాయి. “సేప ఎల్లిపోనాది బాబూ. మరి వలెవులు కుడతారు?” అన్నాడు. కెమెరా ఆన్‌లోనే ఉంది, నా దగ్గర జవాబు లేదు. ఆ వల ఆయన ఒక్కడిది కాదు, దాన్ని లాగే అందరి బువ్వ. బాగుచేసేదాకా వేట ఉండదు. పైగా చేప చచ్చిపోతే కేసు పెడతారేమోనన్న టెన్షన్ ఒకటి. మొదటి షెడ్యూల్ జంతువును చంపితే మూడేళ్ల నుంచి ఏడేళ్ల జైలు అని విన్నవాడు, చచ్చిన చేప సంగతి ఎవరికి చెప్తాడు? నోరు మూసుకుంటాడు. అలా మన సముద్రంలో ఏం జరుగుతోందో మీకూ తెలియదు, మాకూ తెలియదు.

అందుకే నా మనవి. వల నష్టపరిహారానికి స్పష్టమైన ఉత్తర్వు ఇవ్వండి. మత్స్యకారుడు ఫోన్‌లో తీసిన వీడియోనే సాక్ష్యంగా తీసుకోండి. ఇప్పుడు ప్రతి బోటులోనూ ఫోన్ ఉంది, గుజరాత్‌లోలా కెమెరాలు పంచే ఖర్చు కూడా ఉండదు. పొరపాటున వలలో పడి చచ్చిన చేప గురించి తనంతట తానే చెప్పినవాడిని నేరస్థుడిలా చూడొద్దని సిబ్బందికి చెప్పండి.

ఇంకొకటి. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు సముద్రంలో చేపల వేట నిషేధం. ఆ 61 రోజులూ మర బోట్లవాళ్లు ఊళ్లోనే ఉంటారు, వలలు బాగుచేసుకుంటూ ఉంటారు. అప్పుడు రాత్రిపూట రామాలయం దగ్గర తెర కట్టి, తెలుగులో, వాళ్ల యాసలో ఇరవై నిమిషాల సినిమా వేద్దాం. వేల్ షార్క్‌తో పాటు, ఏటా జనవరి నుంచి మన ఒడ్డుకు చచ్చి కొట్టుకొస్తున్న ఆలివ్ రిడ్లే తాబేళ్ల గురించి కూడా. మేం ఇంగ్లిషులో తీసే చిత్రాలు ఫిల్మ్ ఫెస్టివల్స్‌కు వెళ్లి అవార్డులు తెస్తాయి, అవి ఎవరి గురించో వాళ్లు మాత్రం చూడరు. ఇది నన్ను చాలాకాలంగా బాధిస్తోంది.

నా దగ్గరున్న ఫుటేజ్ మొత్తం ఉచితంగా ఇస్తాను, ఎడిటింగ్ కూడా నేనే చేసిపెడతాను. మీ శాఖ నుంచి కావలసింది ప్రొజెక్టరు, ఊరూరికీ తోడు వచ్చే ఒక ఉద్యోగి, చేతిలో ఆ నష్టపరిహారం ఉత్తర్వు. ఆ కాగితం లేకుండా మాత్రం తెర కట్టించకండి. సినిమా అయ్యాక వాళ్లు మొదట అడిగేది దాని గురించే.

ఇట్లు,
విశాఖపట్నం నుంచి ఒక డాక్యుమెంటరీ దర్శకుడు