‘మద్రాస్ మెయిల్’ పాత సంచికలు మన చరిత్ర కూడా

సంపాదకుడు గారికి,

మద్రాస్ డే సందర్భంగా నగర పత్రికల గురించి మీరు వేసిన వ్యాసం చదివాను. ‘ది హిందూ’ పుట్టుక గురించి, కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారు 1914లో ‘ఆంధ్రపత్రిక’ను బొంబాయి నుంచి తెచ్చి ఇక్కడ దినపత్రికగా నడపడం గురించి బాగా రాశారు. మూతపడిన ఇంగ్లిష్ పేపరు ‘మెయిల్’ను మాత్రం దొరల పత్రిక అని ఒక్క వాక్యంతో వదిలేశారు. ఆ వాక్యం దగ్గర మనసు చివుక్కుమంది.

దొరల పత్రికే, కాదనను. 1868లో చార్లెస్ లాసన్, హెన్రీ కార్నిష్ అనే ఇద్దరు ‘మద్రాస్ టైమ్స్’ నుంచి బయటికొచ్చి ‘మద్రాస్ మెయిల్’ పెట్టారు. సాయంత్రం పేపరు. తెల్ల వ్యాపారుల గొంతుగానే దానికి పేరు. 1878లో భారతీయుడైన ముత్తుస్వామి అయ్యర్ గారిని హైకోర్టు జడ్జిగా వేస్తే తెల్లవాళ్ల పత్రికలు ఓర్వలేకపోయాయి. వాటికి జవాబు చెప్పడానికి మన పేపరంటూ లేదని ఆరుగురు యువకులు అప్పు తెచ్చి ‘ది హిందూ’ మొదలుపెట్టారు. వాళ్లలో మన రాజమండ్రి న్యాపతి సుబ్బారావు పంతులు గారు ఒకరు. ఆ పత్రికల మీద మనవాళ్ల కోపం న్యాయమైనదే.

1921లో జాన్ ఓక్‌షాట్ రాబిన్‌సన్ అనే తెల్ల వ్యాపారి ‘మెయిల్’ను కొన్నారు. ‘మద్రాస్ టైమ్స్’ అందులో కలిసిపోయింది, హిగ్గిన్‌బాథమ్స్ పుస్తకాల షాపు కూడా ఆయన చేతికే వచ్చింది. 1945లో అనంతరామకృష్ణన్ గారి అమాల్గమేషన్స్ సంస్థ ‘మెయిల్’ను తీసుకుంది. 1981లో పత్రిక మూతపడింది. మౌంట్ రోడ్డులో హిగ్గిన్‌బాథమ్స్ ఇంకా ఉంది కాబట్టి ఆ పేరు జనానికి గుర్తుంది. పేపరును మరిచిపోయారు.

కానీ ఆ పేపర్లలో ఉన్నది దొరల సంగతులేనా? గంజాం నుంచి చిత్తూరు దాకా ఉన్న తెలుగు జిల్లాలన్నీ అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలోవే. 1876-78 కరువునే తీసుకోండి. బళ్లారి, కర్నూలు, కడప జిల్లాల్లో ఊళ్లకు ఊళ్లు ఖాళీ అయ్యాయి. అప్పుడు ‘మద్రాస్ టైమ్స్’ సంపాదకుడు విలియం డిగ్బీ. సర్కారు పెట్టిన కరువు పనుల దగ్గర మట్టి మోసే మగమనిషికి రోజుకు పౌను ధాన్యం, ఒక అణా చాలని సర్కారు పంపిన అధికారి రిచర్డ్ టెంపుల్ కూలి తగ్గిస్తే, తప్పని గట్టిగా చెప్పినవాళ్లలో డిగ్బీ ఉన్నారు. ఆ కరువు మీద తర్వాత రెండు సంపుటాల పుస్తకం రాశారు. మా తాతల ఆకలి ఏ రోజు ఎలా ఉందో తెలుసుకోవాలంటే మాకు ఆ దొరల పేపర్లే దిక్కు. ఏ పక్షం నుంచి రాశారో గుర్తుపెట్టుకుని చదువుకుంటాం, అంతే.

చదవనిస్తే కదా! నగరంలో ఒక గ్రంథాలయంలో మా జిల్లా కరువు వార్తల కోసం పాత సంపుటం అడిగాను. పేజీ తిప్పుతుంటే అంచులు పొడిపొడిగా రాలాయి. ఇక ఇవ్వడం కుదరదని లోపలికి తీసుకెళ్లిపోయారు. అక్కడి ఉద్యోగిని ఏమీ అనను, ఆమెకూ అది రాలిపోతుందనే టెన్షన్. పాత న్యూస్‌ప్రింట్‌లో ఉన్న ఆమ్లమే కాగితాన్ని తినేస్తుంది. బీరువాలో పెట్టి తాళం వేసినా ఆగదు.

ప్రతి పత్రికా కన్నెమరా లాంటి గ్రంథాలయాలకు కాపీ పంపాలన్న చట్టం 1954 నాటిది, అందులో పత్రికలను చేర్చింది 1956లో. అంటే ‘మెయిల్’ బతికిన 113 ఏళ్లలో మొదటి 88 ఏళ్ల సంచికలు దాని కిందకు రావు. ఎక్కడెక్కడ ఏ సంపుటాలు మిగిలాయో ముందు ఒక జాబితా తయారుచేయాలి. తర్వాత స్కాన్ చేసి, ఎవరైనా ఉచితంగా చదువుకునేలా పెట్టాలి. పందొమ్మిదో శతాబ్దపు సంచికలకు కాపీరైట్ అడ్డంకి కూడా లేదు.

ఈ పని పాత రికార్డులు దాచే తమిళనాడు ఆర్కైవ్స్ శాఖ ఒక్కదాని మీదే వేయడం న్యాయం కాదు. ఆ సంచికల్లో చాలా చరిత్ర తెలుగు జిల్లాలది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వాలు ఖర్చులో వాటా పెట్టుకోవాలి. చెన్నైలో తెలుగువాళ్ల సంఘాలు ఉగాది సభల్లో ఈ విషయం ఎత్తాలి. కరువు నాటి మూడేళ్ల సంచికలతో పని మొదలుపెట్టమని నా విన్నపం. మీ విలేకరులు ఎగ్మోర్‌లో ఉన్న ఆ ఆర్కైవ్స్‌కు వెళ్లి అక్కడ ఏమున్నాయో, ఏ స్థితిలో ఉన్నాయో అడిగి మీ పత్రికలో రాయండి.

ఇట్లు,
కడప జిల్లా నుంచి వచ్చి మైలాపూర్‌లో స్థిరపడిన ఒక పాఠకుడు, చెన్నై